కుళాయి నీళ్ల కింద... ఓ రాజధాని!

రోమ్ శిథిలాలు చూడాలంటే పాస్‌పోర్టు కావాలి. వీసా కావాలి. విమానం టిక్కెట్టుకి బోలెడు డబ్బు కావాలి. గ్రీసు అయినా అంతే. కానీ ఆ రెండు దేశాల గాలి సోకిన ఓ తెలుగు రాజధానిని చూడాలంటే మాత్రం... పులిహోర డబ్బా పట్టుకుని పొద్దున్నే దిల్‌సుఖ్‌నగర్‌లోనో ఎల్బీనగర్‌లోనో బస్సెక్కితే చాలు. రాత్రి భోజనం వేళకి మళ్లీ ఇంట్లో ఉండొచ్చు!

ఆదివారం. సరూర్‌నగర్ ఇంకా పూర్తిగా నిద్ర లేవలేదు. చెరువు కట్ట మీద నడకకి వచ్చినవాళ్లు, పాల ప్యాకెట్ల కోసం బయల్దేరినవాళ్లు తప్ప రోడ్డు మీద పెద్దగా జనం లేరు. దిల్‌సుఖ్‌నగర్ బస్టాపులో మాత్రం సందడి మొదలైంది. భుజాన నీళ్ల సీసాలు, చేతుల్లో టిఫిను డబ్బాలు, నెత్తిన టోపీలు. బడిపిల్లలు, వాళ్ల అమ్మానాన్నలు, మోకాళ్ల నొప్పులున్నా 'నేనూ వస్తా'నని బయల్దేరిన నానమ్మలు, తాతయ్యలు. అందరూ ఎక్కబోయేది నాగార్జునసాగర్ టూరు బస్సే.

'సాగరేగా... డ్యామ్ చూసి, ఫొటోలు దిగి, చేపల కూర తిని వచ్చేయడమే' అనుకునేవాళ్లే బస్సులో ఎక్కువ. తిరుగు ప్రయాణంలో వాళ్ల మాటల్లో డ్యామ్ కన్నా ఎక్కువగా వినిపించే పేరు వేరే ఉంటుంది. అది విజయపురి. పదిహేడు వందల ఏళ్ల క్రితం ఇక్ష్వాకు రాజులు ఏలిన రాజధాని. ఇప్పుడు కృష్ణమ్మ ఒడిలో, నీళ్ల అడుగున ఉన్న నగరం.

ఎదురొచ్చే నీళ్లు
ఎల్బీనగర్ దాటి కాస్త ముందుకెళ్తే వచ్చే కూడలికి సాగర్ రింగ్‌రోడ్డు అని పేరు. రోజూ ఆ పేరు పలికే వేలమందిలో దానివెంట చివరిదాకా వెళ్లినవాళ్లు కొందరే. బీఎన్ రెడ్డి నగర్, ఇబ్రహీంపట్నం, యాచారం, మాల్, చింతపల్లి, మల్లేపల్లి... ఒక్కొక్కటీ వెనక్కి పోతుంటాయి. మొత్తం దూరం సుమారు 150 కిలోమీటర్లు. మధ్యలో టిఫినుకి ఆగినా మూడు, మూడున్నర గంటల్లో చేరిపోవచ్చు.

ఈ దారికి ఇంకో విశేషం ఉంది. బస్సు సాగర్ వైపు వెళ్తుంటే, సాగర్ నీళ్లు హైదరాబాద్ వైపు వస్తుంటాయి! జలాశయం వెనుకభాగంలో పుట్టంగండి దగ్గర నీటిని ఎత్తిపోస్తారు. అది అక్కంపల్లి రిజర్వాయరుకి చేరుతుంది. కోదండాపూర్‌లో శుద్ధి అవుతుంది. ఆ తర్వాత పెద్దపెద్ద పైపుల్లో ఎల్బీనగర్ పక్కనే ఉన్న సాహెబ్‌నగర్ దాకా వస్తుంది. 2004లో మొదలైన కృష్ణా తాగునీటి పథకం ఇదే. అంటే, సరూర్‌నగర్ ఇంట్లో పొద్దున్న బిందెలో పట్టిన నీళ్లు ఓ పాత రాజధాని మీద నిలిచిన నీళ్లన్నమాట! ఈ సంగతి తెలిసి వెళ్తే సాగర్ కొత్తగా కనిపిస్తుంది.

గొర్రెల కాపరులకి తెలిసిన రాళ్లు
మన కథకి మొదటి మలుపు 1926లో. అప్పటికి అదో మారుమూల లోయ. చుట్టూ నల్లమల కొండలు, ఓ పక్క కృష్ణానది. లోయలో పుల్లారెడ్డిగూడెం లాంటి చిన్న పల్లెలు. పొలాల మధ్య అక్కడక్కడా నిలబడిన రాతి స్తంభాలు, ఇటుక దిబ్బలు. గొర్రెలు కాసుకునేవాళ్లకి అవి నీడనిచ్చే రాళ్లే. సూరపరాజు వెంకటరామయ్య అనే బడిపంతులు ఆ స్తంభాల్లో ఒకదాన్ని చూసి 'ఇది మామూలు రాయి కాదే' అనుకున్నారు. సంగతి ప్రభుత్వానికి తెలియజేశారు. మద్రాసు శాసనాల విభాగం నుంచి ఎ.ఆర్.సరస్వతి వచ్చి చూశారు. ఆ మర్నాటి నుంచీ లోయ మామూలు లోయ కాకుండా పోయింది.

1927 నుంచి 1931 దాకా లాంగ్‌హర్స్ట్ అనే పురాతత్వ అధికారి తవ్వకాలు చేయించారు. స్తూపాలు, విహారాలు, చైత్యాలు, శాసనాలు... ఒకటి తరవాత ఒకటి బయటపడ్డాయి. 106 అడుగుల వ్యాసంతో బండిచక్రం ఆకారంలో కట్టిన మహాచైత్యం వాటిలో ముఖ్యమైంది. దాని లోపల దొరికిన చిన్న బంగారు భరిణెలో ఓ ఎముక ముక్క ఉంది. బుద్ధుడి ధాతువుగా భావించే దాన్ని సారనాథ్‌లోని మూలగంధకుటి విహారంలో భద్రపరిచారు. ఈ మహాచైత్యాన్ని కట్టించిందెవరో తెలుసా? మొదటి ఇక్ష్వాకు రాజు శాంతమూలుడి సోదరి శాంతిశ్రీ. ఆ మాటకొస్తే విజయపురిలో చాలా కట్టడాలకి డబ్బిచ్చింది రాణులూ, రాచకుటుంబపు ఆడవాళ్లూ, మామూలు గృహిణులే. రాజులు వైదిక యజ్ఞాలు చేశారు, వాళ్లింటి ఆడవాళ్లు బౌద్ధ విహారాలు కట్టించారు. ఒకే ఊళ్లో కార్తికేయుడి గుడీ, బుద్ధుడి చైత్యమూ పక్కపక్కనే వెలిశాయి.

ఇక్ష్వాకుల నాటి శాసనాలు ఈ చోటుని విజయపురి అనీ, పక్కనున్న కొండని శ్రీపర్వతం అనీ పిలుస్తాయి. ఆచార్య నాగార్జునుడి పేరుతో 'నాగార్జునకొండ' అన్న పిలుపు స్థిరపడింది ఆ తర్వాతి కాలంలోనే.

మెట్ల మధ్య మైదానం
బస్సులో పిల్లలు ఎగిరి గంతేసే చోటు మాత్రం అనుపు. డ్యామ్ నుంచి మాచర్ల వైపు, జలాశయం ఒడ్డున ఉంటుందిది. లోయ నుంచి తీసుకొచ్చి మళ్లీ కట్టిన కొన్ని కట్టడాలు ఇక్కడున్నాయి. అందులో ఒకటి యాంఫీథియేటర్. మధ్యలో నలుచదరపు మైదానం. దాదాపు 54 అడుగుల పొడవు, 45 అడుగుల వెడల్పు. చుట్టూ నాలుగువైపులా పైకి లేచే మెట్లు. మెట్టు మీద హాయిగా కూర్చోవచ్చు. పడమటి వైపు గొప్పవాళ్లు కూర్చునేందుకు ప్రత్యేకంగా ఓ మండపం.

గైడు పిల్లల్ని పైమెట్టు ఎక్కమంటాడు. తాను మైదానం మధ్యలో నిలబడి చిన్నగా చప్పట్లు కొడతాడు. 'వినిపించిందా బాబూ?' అంటాడు మామూలు గొంతుతోనే. 'ఆఁ...' అని పైనుంచి కేకలు. అంతే, ఆ తర్వాత పావుగంట పాటు మైదానం వాళ్లది. ఒకడు రాజు, ఒకడు మల్లుడు, మిగతావాళ్లు ప్రేక్షకులు. 'నానమ్మా, ఇక్కడ కూర్చో... నువ్వు రాణివి' అంటూ మనవరాలు చెయ్యి పట్టి లాగితే, మోకాళ్ల నొప్పుల నానమ్మ కూడా రెండు మెట్లు ఎక్కేస్తుంది!

దీన్ని చూడగానే ఎవరికైనా పాఠ్యపుస్తకాల్లోని రోమ్ నగరపు కొలోసియం గుర్తొస్తుంది. అయితే పోలికలతో పాటు తేడాలూ ఉన్నాయి. గ్రీకులది అర్ధచంద్రాకారపు నాటకశాల. కొండవాలునే మెట్లుగా మలిచి, కింద వేదిక కడతారు. రోమన్లది కోడిగుడ్డు ఆకారం. చుట్టూ కూర్చుని మధ్యలో జరిగే పోరాటాలు చూస్తారు. క్రీస్తుశకం 80లో పూర్తయిన కొలోసియంలో యాభైవేల మంది కూర్చునేవారని అంచనా. విజయపురిది చిన్నది. వందలమందికి సరిపోయేది. ఆకారమేమో నలుచదరం, మన కోనేటి మెట్లలాగ. అందుకే పండితుల్లో రెండు వాదాలున్నాయి. ఇది రోమన్ ప్రభావమేనని కొందరు అంటారు. కాదు, మన వాస్తు పద్ధతిలోనే పుట్టిందని ఇంకొందరు అంటారు. ఇక్కడ ఏం జరిగేవి? నాటకాలా, సంగీతమా, మల్లయుద్ధాలా? దానిమీదా భిన్నాభిప్రాయాలే. ఒకటి మాత్రం నిజం. మనదేశంలో ఇంత పాత కట్టడాల్లో ఇలాంటిది మరొకటి చూడాలంటే కష్టం.

లోయలో ఈ మైదానం ఓ కొండ పాదాన ఉండేది. కొండ మీద హారీతి గుడి. పిల్లల్ని కాపాడే దేవత ఆమె. బిడ్డలు చల్లగా ఉండాలని తల్లులు మొక్కుకునే చోటు పైనా, జనమంతా చేరి వినోదం చూసే చోటు కిందా అన్నమాట. తిరునాళ్లకెళ్లి దేవుడికి దణ్ణం పెట్టుకుని, కిందకొచ్చి రంగులరాట్నం ఎక్కే మన అలవాటు ఈనాటిది కాదేమో అనిపిస్తుంది.

కొమ్ము పట్టిన గడ్డపాయన
యాంఫీథియేటర్ మీద వాదోపవాదాలున్నా, విజయపురికి పడమటి దేశాలతో పరిచయం ఉందనడానికి వేరే సాక్ష్యాలున్నాయి. రాజమందిరంగా భావించే చోట బయటపడిన ఓ స్తంభం మీద శిల్పం చూసి లాంగ్‌హర్స్ట్ ఆశ్చర్యపోయి ఉంటారు. సన్నటి గడ్డం, సగం నగ్నంగా ఉన్న ఒళ్లు, చేతిలో కొమ్ముతో చేసిన పానపాత్ర, పక్కనే మద్యం పీపా. గ్రీకుల మద్యదేవత డయోనిసస్‌ని తలపించే రూపం! మరో స్తంభం మీద ఓ సైనికుడు. పొడుగు చేతుల అంగీ, కాళ్లకి బూట్లు, నెత్తిన టోపీ, చేతిలో ఈటె. పల్నాటి ఎండలో ఈ వేషమేమిటి అనిపిస్తుంది. అతను చలిదేశపు శకుడు. రాజుగారి కొలువులో విదేశీ భటులు ఉండేవారనడానికి దీన్నే గుర్తుగా చెబుతారు. తవ్వకాల్లో రోమన్ బంగారు నాణేలు కూడా దొరికాయి.

అంతదూరం నుంచి వాళ్లెందుకు వచ్చినట్టు? వ్యాపారం కోసం. రుతుపవనాల గాలివాలు తెలుసుకున్న పడమటి నావికులు నేరుగా అరేబియా సముద్రం దాటి మనదేశానికి వచ్చేవారు. మిరియాలు, రత్నాలు, సన్నటి నూలుబట్టలు కొనుక్కుని బంగారం, వెండి ఇచ్చి వెళ్లేవారు. ఇండియా ఏటా అయిదు కోట్ల సెస్టర్స్ నాణేల సొమ్ము లాగేసుకుంటోందని ప్లినీ అనే రోమన్ రచయిత మొదటి శతాబ్దంలోనే వాపోయాడు! ఆ సొమ్ములో కొంత మన ఊళ్లకీ చేరింది. నల్గొండ జిల్లా అక్కన్‌పల్లిలో పదిహేను వందలకు పైగా రోమన్ వెండి నాణేలు ఒక్కచోటే దొరికాయి. సంగారెడ్డి దగ్గరి కొండాపూర్ తవ్వకాల్లోనూ రోమన్ నాణెం బయటపడింది.

ఇంకో చక్కటి ముడి ఉంది. రెండో శతాబ్దంలో టాలెమీ అనే భూగోళ పండితుడు గ్రీకు భాషలో రాసిన పుస్తకంలో తూర్పుతీరాన 'కొంటకొస్సిల' అనే రేవు గురించి చెప్పాడు. నాగార్జునకొండలో బోధిశ్రీ అనే ఉపాసిక వేయించిన శాసనంలో 'కంటకసోల' అనే ఊరి పేరుంది. రెండూ ఒకటే. కృష్ణాజిల్లాలోని నేటి ఘంటసాల! గ్రీకు పండితుడూ, తెలుగునేల మీది ఓ గృహిణీ ఒకే ఊరిని తలుచుకున్నారన్నమాట. బోధిశ్రీ శాసనంలో సింహళ భిక్షువులు ధర్మం బోధించిన దేశాల జాబితా కూడా ఉంది. కాశ్మీరం, గాంధారం, చైనాలతో పాటు యవన దేశం పేరూ అందులో చోటుచేసుకుంది.

నీళ్లొచ్చేలోగా...
కథకి రెండో మలుపు 1955. ఆ ఏడాది డిసెంబరు 10న ప్రధాని నెహ్రూ సాగర్ ప్రాజెక్టుకి పునాదిరాయి వేశారు. లక్షల ఎకరాలకు నీళ్లు. బీడుభూములకు కొత్త బతుకు. ఆ నీళ్ల కోసం జనం ఏళ్లతరబడి ఎదురుచూశారు. కాకపోతే డ్యామ్ నిండితే లోయ మునుగుతుంది. పదుల కొద్దీ ఊళ్లు మునుగుతాయి. వాటితో పాటు విజయపురీ.

నగరం కావాలా, నీళ్లు కావాలా? ప్రభుత్వం నీళ్లనే ఎంచుకుంది. నగరాన్ని వీలైనంత కాపాడాలనుకుంది. 1954 నుంచి 1960 దాకా డాక్టర్ ఆర్.సుబ్రహ్మణ్యం ఆధ్వర్యంలో లోయంతా జల్లెడ పట్టారు. రాతియుగపు పనిముట్ల నుంచి మధ్యయుగం దాకా వందకు పైగా ప్రదేశాలు వెలుగుచూశాయి. అవతలి ఒడ్డున నల్గొండ జిల్లా ఏలేశ్వరంలోనూ తవ్వకాలు జరిగాయి. అదీ మునిగిపోయింది.

ముఖ్యమైన కట్టడాల్లో తొమ్మిదింటిని విప్పి, కొండ మీదికి తరలించి మళ్లీ కట్టారు. మరికొన్నిటికి చిన్న నమూనాలు చేశారు. ఇంకొన్ని అనుపుకి చేరాయి. ఈజిప్టులో ఆస్వాన్ డ్యామ్ కోసం అబూ సింబెల్ ఆలయాలను ముక్కలుగా కోసి పైకి తరలించిన సంగతి ప్రపంచమంతా చెప్పుకుంటుంది. ఆ పని మొదలైంది 1964లో. గ్రీకు, రోమన్ పాలకుల కాలంలో కట్టిన ఫిలే ఆలయాలను పక్క ద్వీపానికి మార్చింది 1970ల్లో. మనవాళ్లు అంతకు ముందే లోయని తవ్వి, రాళ్లు మోసి, మళ్లీ పేర్చారు.

1967లో డ్యామ్ నుంచి కాలువలకు నీళ్లు వదిలారు. లోయ జలాశయమైంది. నాగార్జునకొండ ద్వీపంగా మారింది. పుల్లారెడ్డిగూడెం లాంటి ఊళ్లవాళ్లు ఇల్లూ వాకిలీ వదులుకుని కట్టుబట్టలతో, గొడ్డూగోదాతో వేరే చోట్లకి వెళ్లారు. స్తంభాలకైతే కొత్త చిరునామా దొరికింది. ఆ ఊళ్లకి మాత్రం చిరునామా లేకుండా పోయింది. గైడు ఈ మాట చెప్పేటప్పుడు బస్సులో కాసేపు ఎవరూ మాట్లాడరు.

లాంచీ దిగాక...
ద్వీపానికి లాంచీలో వెళ్లాలి. దాదాపు గంట ప్రయాణం. మొదటి పది నిమిషాలు గోల. తర్వాత గాలి, నీళ్లు, చుట్టూ కొండలు. లాంచీ కొండ దగ్గరికొస్తున్నప్పుడు 'మనమిప్పుడు విజయపురి మీద ఉన్నాం' అంటాడు గైడు. అందరూ ఒక్కసారిగా అంచుకొచ్చి కిందకి తొంగిచూస్తారు. ఏమీ కనపడదు, పచ్చటి నీళ్లు తప్ప. అయినా చూస్తారు.

కొండ మీద 1966లో ఏర్పాటైన మ్యూజియం ఉంది. లేతాకుపచ్చ ఛాయ ఉన్న పల్నాటి సున్నపురాతి మీద చెక్కిన బుద్ధుడి కథలు, జాతక కథలు, నిలువెత్తు బుద్ధుడి విగ్రహం, శాసనాలు, పూసలు, నాణేలు, మట్టిపాత్రలు. మునిగిన లోయ ఎలా ఉండేదో చూపించే నమూనా దగ్గర కాసేపు ఆగితే బయట చూసేవన్నీ తేలిగ్గా అర్థమవుతాయి. బయట మళ్లీ కట్టిన మహాచైత్యం, సింహళ విహారం, శాంతమూలుడి అశ్వమేధానికి సంబంధించిందని చెప్పే మెట్ల కోనేరు, నది ఒడ్డు నుంచి తెచ్చిన స్నానఘట్టం. వీటిని చూస్తున్నప్పుడు ఒక్క విషయం గుర్తుంచుకోవాలి. ఇటుకలూ రాళ్లూ నాటివే కావచ్చు, చోటు మాత్రం నాటిది కాదు. అసలు వీధులు, ఇళ్లు, బజార్లు కింద నీళ్లలోనే ఉన్నాయి. రోమ్‌లోనో ఏథెన్స్‌లోనో శిథిలాల మధ్య నడుస్తాం. ఇక్కడ వాటి మీదుగా పడవలో వెళ్తాం. అదే తేడా.

మ్యూజియంలో పిల్లల ప్రశ్నలకి అంతుండదు. 'ఇంత మంచి ఊరిని ఎందుకు ముంచారు?' అన్నది అన్నిటికన్నా కష్టమైన ప్రశ్న. దానికి జవాబు గైడు దగ్గర కన్నా తల్లిదండ్రుల దగ్గరే ఉంది. వాళ్ల భుజాన వేలాడే నీళ్ల సీసాలో ఉంది. ముంచకపోతే లక్షల ఎకరాలు ఎండేవి. తర్వాతి రోజుల్లో హైదరాబాద్ తూర్పు కాలనీల్లో బిందెలు ఇంకా ఎక్కువసేపు క్యూలో నిలబడేవి. అలాగని పోయింది చిన్నదీ కాదు. రెండూ నిజమే. పిల్లలకి రెండూ చెప్పాల్సిందే.

తిరుగుదారిలో వీలుంటే చంద్రవంక వాగు 70 అడుగుల ఎత్తు నుంచి దూకే ఎత్తిపోతల దగ్గర ఆగుతారు. బస్సు ఎల్బీనగర్ చేరేసరికి పిల్లలు నిద్రలో ఉంటారు. ఇంటికెళ్లి కాళ్లు కడుక్కోవడానికి కుళాయి తిప్పుతారు. ఆ ధార కింద చేతులు పెట్టినప్పుడు ఒక్కక్షణం ఆగినా చాలు... ప్రయాణం ఫలించినట్టే!

వెళ్లాలనుకుంటే...
* మ్యూజియానికి శుక్రవారం సెలవు. ఆ రోజు తప్పించి ప్రయాణం పెట్టుకోండి.
* లాంచీలు నీటిమట్టాన్ని, వాతావరణాన్ని బట్టి నడుస్తాయి. బయల్దేరే ముందే పర్యాటక శాఖ కార్యాలయంలో కనుక్కోండి. ఉదయం లాంచీ అందుకుంటే కొండ మీద తీరిగ్గా చూడొచ్చు. ద్వీపంలో రాత్రి బస ఉండదు.
* కొన్ని టూర్లలో అనుపు ఉండదు. టిక్కెట్టు తీసుకునేటప్పుడే అడగండి. సొంత వాహనమైతే ముందు లాంచీ, భోజనం తర్వాత అనుపు, చివర్లో ఎత్తిపోతల... ఈ వరస బాగుంటుంది.
* నాగార్జునకొండ, అనుపు ఆంధ్రప్రదేశ్‌లోని పల్నాడు జిల్లాలోకి వస్తాయి. తెలంగాణ వైపు హిల్‌కాలనీలో 2022లో ప్రారంభమైన బుద్ధవనం ఉంది.
* అక్టోబరు నుంచి ఫిబ్రవరి దాకా వాతావరణం హాయిగా ఉంటుంది. వేసవిలో కొండ మీద ఎండ ఎక్కువ. టోపీ, మంచినీళ్లు తప్పనిసరి.
* పిల్లలకి ముందురోజే శాంతమూలుడు, శాంతిశ్రీ, బోధిశ్రీల గురించి నాలుగు మాటలు చెప్పి తీసుకెళ్లండి. రాళ్లు కూడా మాట్లాడతాయి!